ఊహాలోకం కోసం స్తోత్రం రాశాను, చదివినవాళ్లంతా దాన్ని దాటేస్తున్నారు

చినుకు22
మూడేళ్లుగా ఒక నవల రాస్తున్నాను. అందులో మతమంతా ఒకే ఒక స్తోత్రం చుట్టూ తిరుగుతుంది. ముందు ఆ లోకం గురించి రెండు ముక్కలు. అది చాలా నెమ్మదిగా తిరిగే లోకం, అక్కడ రాత్రి మన లెక్కలో 40 రోజులు, పగలూ అంతే. అక్కడి జనం నమ్మకం ఏమిటంటే సూర్యుడు ముసలివాడు, చూపు ఆనదు, కొండల అవతలికి వెళ్లాక దారి తప్పుతాడు. ఇక్కడ జనం పాడుతుంటే ఆ గొంతు ఆనవాలు పట్టుకుని తిరిగొస్తాడు. అందుకని చీకటి పడ్డ క్షణం నుంచి తెల్లారేదాకా పాట ఆగకూడదు. ఒకరు అలిసిపోతే ఇంకొకరు అందుకుంటారు. దాని పేరు దారిపాట.

ఆ పాట మొత్తం 48 పంక్తులు రాశాను, రెండు నెలలు పట్టింది. మొదటి అధ్యాయంలోనే పూర్తిగా పెట్టాను. ఆరుగురు స్నేహితులు చదివారు. ఐదుగురు పాట దాటేసి కథలోకి వెళ్లిపోయామని మొహమాటం లేకుండా చెప్పేశారు. ఆరో ఆమె బాగుంది అంది కానీ ఒక్క పంక్తి కూడా గుర్తులేదు. చాలా బాధగా ఉంది. తీసేద్దామంటే మతమే కూలిపోతుంది. ఉంచితే ఎవరూ చదవట్లేదు. ఏం చెయ్యాలి? మొదటి రెండు పంక్తులు ఇవి:

ఓ వెలుగుల తండ్రీ, ఓ లోకాల కాంతీ,
నీవే ఆది, నీవే అంతం, నీవే సర్వం

కథలపిచ్చి
నేనూ దాటేస్తాను, దాచుకోవడం ఎందుకు. కథ మధ్యలో పాట కనపడితే నా కళ్లు వాటంతట అవే కిందికి జారిపోతాయి. మీ స్నేహితుల మీద కోపం పెట్టుకోకండి.

పాతపుస్తకం
మీ లోకం నాకు చాలా నచ్చింది, అందుకే సూటిగా చెప్తున్నాను. ఆ రెండు పంక్తులూ ఏ లోకంలో ఏ దేవుడికైనా సరిపోతాయి. చూపు ఆనని ముసలి సూర్యుడు అందులో ఎక్కడున్నాడు? దారి తప్పడం ఎక్కడుంది? నలభై రోజులు చీకట్లో కూర్చున్న మనిషి నీవే ఆది నీవే అంతం అని పాడడు. ఇటు రా, ఇక్కడున్నాం, అడుగు చూసి వెయ్యి అని పాడతాడు. మీ లోకపు మతం పొగడ్త మతం కాదు, పిలుపు మతం. మీరు చెప్పిన ఆ నాలుగు వాక్యాల్లో ఉన్న ప్రాణం పాటలోకి రాలేదు.

రెండో సంగతి. స్తోత్రానికి మాటలు ఎంత ముఖ్యమో అది ఊళ్లో ఏం పని చేస్తుందన్నదీ అంతే ముఖ్యం. ఎవరు పాడొచ్చు, ఎవరు పాడకూడదు, తప్పు పాడితే ఏమవుతుంది, ఎవరికి మొత్తం వచ్చు, ఎవరికి సగమే వచ్చు. ఇవి కథలో కనపడితే పాఠకుడు ఆ రెండు పంక్తుల కోసం తనే వెనక్కి వెళ్లి వెతుక్కుంటాడు.

రాత్రిపక్షి
పైన చెప్పినదానికి నేను రెండు చేతులూ ఎత్తుతాను. తప్పు పాడితే ఏమవుతుంది అన్నది అన్నిటికన్నా ముందు తేల్చుకోండి. మన దగ్గర వృత్రుడి కథ ఉంది కదా. త్వష్ట ఇంద్రుణ్ణి చంపే కొడుకు కావాలని హోమం చేసి "ఇంద్రశత్రుః" అన్నాడు, స్వరం ఒక్కటి తప్పింది. చివరి అక్షరం మీద ఉదాత్తం, అంటే ఎత్తు స్వరం, పడితే ఇంద్రుణ్ణి చంపేవాడు, మొదటి అక్షరం మీద పడితే ఇంద్రుడు ఎవరిని చంపుతాడో వాడు. మాట అదే, అక్షరాలు అవే, గొంతు పైకి లేవాల్సిన చోటు మారింది, కొడుకు చచ్చిపోయాడు. ఒక్క స్వరం మీద అంత భయం పెట్టుకున్న మతంలో పిల్లలకి పాఠం ఎలా చెప్తారో ఊహించుకోండి. మీ దారిపాటలో అలాంటి చోటు ఒక్కటుంటే చాలు.

అడ్డప్రశ్న
నాకు అర్థం కానిది ఒకటే. పాడేవాళ్లకి అర్థం తెలియాలా? తెలియకపోయినా మతం నడుస్తుంది కదా. నిజానికి అర్థం తెలియకపోతేనే పవిత్రత ఎక్కువ. చినుకు గారు 48 పంక్తులకీ అర్థం ఉండేలా రాశారు, అక్కడే పొరపాటు జరిగిందని నా అభిప్రాయం.

పాతపుస్తకం
@అడ్డప్రశ్న మీరు కొత్తగా అడిగింది కాదు ఇది. వేదంలోని మాటలకి అర్థాలు చెప్పే పాత గ్రంథం, యాస్కుడి నిరుక్తంలోనే కౌత్సుడనే ఆయన మంత్రాలకి అర్థమే లేదని వాదించినట్టు ఉంది. దానికి యాస్కుడు చెప్పిన జవాబు నాకెంత ఇష్టమో: గుడ్డివాడికి స్తంభం కనపడకపోతే అది స్తంభం తప్పు కాదు. అంటే వేల ఏళ్ల కిందట కూడా పాడేవాళ్లలోనే ఈ గొడవ ఉంది. రోమ్‌లో సాలియై అనే పూజారులు పాడే పాట ఎంత పాతబడిపోయిందంటే, పూజారులకే సరిగ్గా అర్థం కావడం లేదని క్వింటీలియన్ అనే రోమన్ పండితుడు రాశాడు. అయినా మార్చలేదు, మార్చితే అపచారం. సామవేదం పాడేటప్పుడు హావు, హోయి లాంటి స్తోభాక్షరాలు వస్తాయి, వాటికి నిఘంటువులో అర్థం వెతకరు, అవి గానంలో భాగం.

కాబట్టి మీరు చెప్పింది సగం నిజం. అర్థం ఉండి, కొంత మరుగునపడి, కొంత మిగలడం అన్నిటికన్నా బాగుంటుంది. 48లో ఓ ఐదారు మాటలు ఇప్పుడెవరికీ తెలియని మాటలు అవ్వాలి. ఒక్కో ఊరు వాటికి ఒక్కో అర్థం చెప్పుకోవాలి.

లెక్కలమాస్టారు
ఒక చిన్న లెక్క. పాట ఒకసారి పాడటానికి ఎంత సేపు పడుతుంది?

చినుకు22
నేను పాడి చూసుకున్నాను మాస్టారు, నిదానంగా పాడితే 12 నిమిషాలు.

లెక్కలమాస్టారు
అయితే 40 రోజులంటే 960 గంటలు. గంటకి 5 సార్లు. మొత్తం 4800 సార్లు పాడాలి. ఒక్కొక్కరు రెండు గంటల వంతు పాడితే 480 వంతులు. ఊళ్లో పాడగలిగిన పెద్దవాళ్లు 60 మంది ఉన్నారనుకుంటే ఒక్కొక్కరికి 8 వంతులు వస్తాయి. గొంతు పట్టేస్తే ఎలా అని ఇద్దరిద్దరు కూర్చుంటే 16. అంటే ఒక్కో మనిషి ఒక్క రాత్రిలో 32 గంటలు పాడాలి. ఇది మామూలు శ్రమ కాదు. బాలింతలు, జ్వరం వచ్చినవాళ్లు, ముసలివాళ్లు వంతు తప్పించుకుంటే ఆ భారం ఎవరి మీద పడుతుంది? మీ కథ అంతా ఇక్కడే ఉందేమో చూడండి.

చినుకు22
మాస్టారూ, మూడేళ్లలో నేను ఈ లెక్క ఒక్కసారి కూడా వెయ్యలేదు. 16 వంతులు అని చదవగానే ఒళ్లు జలదరించింది. వంతు కోసం పెళ్లి సంబంధాలు కూడా చూసుకుంటారు కదా అప్పుడు, ఇంట్లో గొంతులెన్ని అని.

కథలపిచ్చి
ఇదీ! ఇంట్లో గొంతులెన్ని అన్న ఒక్క మాట మీ 48 పంక్తులకన్నా ఎక్కువ చెప్పింది నాకు.

వెన్నెలవాకిలి
ఇంకోటి. గడియారాలు లేని చోట, పగలు లేని చోట వాళ్లకి కాలం ఎలా తెలుస్తుంది? పాటే గడియారం అవుతుంది. మూడు పాటల దూరం, రెండు పాటల్లో వచ్చేస్తా, గంజి ఒక పాట సేపు ఉడకాలి. మన లోకంలోనూ ఇలా జరిగింది. చిలీలో 1647లో వచ్చిన భూకంపం క్రైస్తవుల విశ్వాస ప్రమాణం అనే ప్రార్థన రెండుసార్లు చదివినంత సేపు ఉందని చెప్పుకున్నారు. నేల ఊగుతుంటే జనం నోట్లో ప్రార్థన నడుస్తోంది, అదే కొలత అయిపోయింది.

లెక్కలమాస్టారు
@వెన్నెలవాకిలి చాలా బాగా పట్టుకున్నారు, కానీ చిక్కు కూడా ఉంది. పాట వేగం అందరిదీ ఒకటి కాదు. ముసలివాళ్ల వంతులో పాట 14 నిమిషాలు అవుతుంది, కుర్రవాళ్ల వంతులో 10. తెల్లారేసరికి ఒక ఊరు 4800 లెక్క చెప్తుంది, పక్క ఊరు 4300 అంటుంది. సూర్యుడు మాత్రం ఇద్దరికీ ఒకేసారి వచ్చాడు.

వెన్నెలవాకిలి
చిక్కు కాదు మాస్టారూ అది, వరం. మీరు హడావిడిగా పాడారు, మీరు సాగదీశారు అని రెండు ఊళ్లూ తరతరాలు కొట్టుకోవడానికి అది చాలదా?

రాత్రిపక్షి
చాలకపోవడం ఏమిటి, అంతకన్నా చిన్నదానికే చీలిపోయారు. రష్యాలో 1650ల్లో అక్కడి చర్చికి పెద్ద అయిన పాట్రియార్క్ నికాన్ పూజావిధానాలు సవరించాడు. శిలువ గుర్తు రెండు వేళ్లతో కాదు మూడు వేళ్లతో వెయ్యాలన్నాడు. అల్లెలూయా అప్పటిదాకా రెండుసార్లు పాడేవాళ్లు, మూడుసార్లు పాడాలన్నాడు. ఇలాంటివే ఇంకొన్ని. 1666-67 చర్చి సభ పాత పద్ధతిని పట్టుకున్నవాళ్లని శపించి వెలివేసింది. వాళ్ల నాయకుడు అవ్వాకుమ్‌ని 1682లో తగలబెట్టారు. ఆ శాపాన్ని మాస్కో పాట్రియార్కేట్ వెనక్కి తీసుకున్నది 1971లో. ఒక్క అల్లెలూయా ఎక్కువా తక్కువా అన్నదానికి మూడు వందల ఏళ్లు.

బయటి నుంచి చూసినవాళ్లకి ఇది వెర్రిగా కనపడుతుంది. నాకలా అనిపించదు. మా నాన్న, మా తాత ఇలాగే పాడి చచ్చిపోయారు, ఇప్పుడు ఈ పాట తప్పంటే వాళ్లు ఎక్కడికి పోయినట్టు? ఆ ప్రశ్నకే మనుషులు మంటల్లోకి నడిచారు. మీ కథలో చీలిక పెట్టేటప్పుడు దయచేసి రెండు పక్షాలకీ ఈ బాధ ఇవ్వండి, ఒక పక్షాన్ని మూర్ఖుల్ని చెయ్యకండి.

అడ్డప్రశ్న
సరే, నా అసలు ప్రశ్న ఇప్పుడు అడుగుతాను. ఏదో ఒక ఊళ్లో పాట ఆగిపోయింది. జబ్బు వచ్చి అందరూ పడిపోయారనుకోండి. సూర్యుడు వచ్చాడు. అప్పుడు ఆ మతం ఏమైపోతుంది? ఇది తేల్చకుండా స్తోత్రం ఎంత బాగా రాసినా ఉపయోగం లేదు, తెలివైన పాఠకుడు పదో పేజీలోనే ఇది అడుగుతాడు.

చినుకు22
నిజం చెప్తున్నా, ఈ ప్రశ్నకి భయపడే ఆ సంగతి నవల్లో ఎక్కడా రానివ్వలేదు.

పాతపుస్తకం
ఏమీ కాదు. పక్క ఊరు పాడింది కాబట్టి వచ్చాడంటారు. ప్రతి తెల్లవారుజామునా ఎక్కడో ఎవరో పాడే ఉంటారు. ఏ ఊరికీ తక్కిన ఊళ్లన్నీ పాడుతున్నాయో లేదో తెలియదు. అందుకే ఏ ఊరూ ఆపలేదు. మన ఒక్క ఊరే మిగిలిందేమో, మనమూ ఆపితే అంతేనేమో అని ప్రతి ఊరూ అనుకుంటూ ఉంటుంది. పాట ఆపిన ఊరి మీద కోపం కూడా ఉండదు, మీ వంతు కూడా మేమే పాడాం అన్న ఉదారం ఉంటుంది. ఆ ఉదారం కోపం కన్నా భారం.

అడ్డప్రశ్న
ఒప్పుకున్నాను. నేను అనుకున్నదానికన్నా గట్టి జవాబు ఇది.

రాత్రిపక్షి
పాడకుండా ఉన్న ఊరివాళ్లు ఆ పగలంతా తలెత్తుకుని తిరగలేరు. నలభై రోజుల పగలు.

ఛందోబాబు
ఆలస్యంగా వచ్చాను, అంతా చదివాను. ఎవరూ ఛందస్సు గురించి మాట్లాడలేదు, అది నాకు ఆశ్చర్యంగా ఉంది. రాత లేని లోకంలో పాట చెదిరిపోకుండా నిలబడాలంటే ఛందస్సే కాపలా. చినుకు గారి పంక్తులు వచన కవితలా ఉన్నాయి, వాటిలో ఏ మాట తీసి ఏ మాట పెట్టినా తెలియదు. 4800 సార్లు పాడితే మూడు రాత్రుల్లో సగం మాటలు మారిపోతాయి.

మన పెద్దలు ఎంత కాపలా పెట్టారో చూడండి. వేదపాఠంలో సంహిత కాక పదపాఠం, క్రమపాఠం, జట, ఘన అని ఉంటాయి. ఘన అంటే మాటల్ని 1-2, 2-1, 1-2-3, 3-2-1, 1-2-3 వరసలో చెప్పడం. పాతపుస్తకం గారు అన్న పిలుపు నాకు బాగా పట్టింది, దాన్ని ద్విపదలో పెట్టి చూశాను. తప్పులుంటే చెప్పండి.

దారి తప్పిన వేళ దాపున నిలిచి
ఊరి గొంతుక లెల్ల నొక్కటై పిలుచు

పంక్తికి మూడు ఇంద్రగణాలు, ఒక సూర్యగణం. మూడో గణం మొదటి అక్షరానికి యతి: దా-దా, ఊ-ఒ. రెండో అక్షరం ప్రాస: రెండు చోట్లా రి. ఇప్పుడు మొదటి మూడు మాటలు ఘనలో చెప్తే ఇలా ఉంటుంది:

దారి తప్పిన, తప్పిన దారి, దారి తప్పిన వేళ, వేళ తప్పిన దారి, దారి తప్పిన వేళ

చీకట్లో ఒక పిల్ల కళ్లు మూసుకుని, వేళ్లు లెక్కపెట్టుకుంటూ ఇది వల్లిస్తోందనుకోండి. వేళ తప్పిన దారి అని వెనక్కి వచ్చినప్పుడు ఇంకో అర్థం కూడా మెరుస్తుంది చూశారా? నేను కావాలని పెట్టింది కాదు, వరస మార్చగానే దానంతట అదే వచ్చింది.

కథలపిచ్చి
ఈ రెండు పంక్తులూ నేను దాటెయ్యలేదు. రెండుసార్లు పైకి చదివాను.

అడ్డప్రశ్న
ఛందోబాబు గారూ, ఆ లోకంలో తెలుగు మాట్లాడరు కదా. ద్విపద, ప్రాస, యతి అక్కడ ఎలా ఉంటాయి?

ఛందోబాబు
ఆ లోకంలో వాళ్ల మాటలూ తెలుగు కావు, అయినా సంభాషణలు తెలుగులోనే రాస్తున్నారు కదా. పాఠకుడి చెవి తెలుగు చెవి. వాళ్ల భాషలో వాళ్ల కట్టుబాటు ఏదో ఉంది, దానికి తెలుగులో సాటి ద్విపద. ఇందులో నాకేమీ ఇబ్బంది కనపడదు.

అడ్డప్రశ్న
నాకు కనపడుతోంది. వేరే లోకం అన్నప్పుడు వేరే శబ్దం కావాలి. కనీసం పాటలో ఒక్క మాటైనా వాళ్లదే ఉండాలి, అనువాదం కాకుండా. పైన పాతపుస్తకం గారు చెప్పిన ఆ అర్థం తెలియని ఐదారు మాటలు అవ్వొచ్చు.

ఛందోబాబు
అది బాగుంది. దానితో నాకు పేచీ లేదు.

వెన్నెలవాకిలి
ఇది చెప్పాలా వద్దా అని రెండు రోజులు ఆలోచించాను. మా అమ్మమ్మకి చివరి రెండేళ్లు మతిమరుపు. మా పేర్లు పోయాయి, అమ్మ పేరు పోయింది, అన్నం తిన్నదో లేదో గుర్తుండేది కాదు. కానీ చిన్నప్పుడు నేర్చుకున్న ఒక స్తోత్రం ఉండేది. మొదటి మాట అందిస్తే చాలు, చివరిదాకా ఒక్క అక్షరం జారకుండా చెప్పేది. మధ్యలో ఆపితే మళ్లీ మొదటికి వెళ్లేది, మధ్యలోంచి ఎత్తుకోవడం వచ్చేది కాదు. చెప్తున్నంత సేపూ ముఖం మామూలుగా ఉండేది, మా పాత అమ్మమ్మలాగే. అయిపోగానే మళ్లీ ఎవరమ్మా నువ్వు అనేది. నేను రోజుకి ఎన్నిసార్లు మొదటి మాట అందించానో లెక్కలేదు.

ఇంకో సంగతి. ఆవిడ చెప్పే స్తోత్రంలో ఒక చోట మేము నేర్చుకున్న మాట కాకుండా వేరే మాట ఉండేది. మేము సరిదిద్దబోతే ఒప్పుకునేది కాదు. ఎవరిది అసలుదో మాకు ఇప్పటికీ తెలియదు.

చినుకు22
వెన్నెల గారూ, చదివి చాలా సేపు ఏమీ రాయలేకపోయాను. చెప్పినందుకు మీకు ఎలా కృతజ్ఞత చెప్పాలో తెలియట్లేదు.

లెక్కలమాస్టారు
అమ్మా, మీరు అన్నిసార్లు మొదటి మాట అందించారు చూడండి, దారిపాట అంటే అదే.

రాత్రిపక్షి
మొన్నటి నుంచి ఒకటి నలుగుతోంది. ఈ పాటని ఎవరైనా సొంతం చేసుకోబోరా? ఊరంతా పాడే పాట మీద ఎవరికో ఒకరికి కన్ను పడుతుంది. ఈజిప్టులో అఖెనాటెన్ అనే రాజు కాలంలో అటెన్ అనే సూర్యదేవుడికి రాసిన పెద్ద స్తోత్రం అమార్నాలో ఆయ్ అనే ఉద్యోగి సమాధి గోడ మీద ఉంది. పక్షులు, చేపలు, గుడ్డులో పిల్ల ఊపిరి పోసుకోవడం, ఎంత అందమైన స్తోత్రమో. కానీ చివర్లో, నిన్ను ఎరిగినవాడు నీ కొడుకైన రాజు తప్ప ఇంకొకడు లేడు అని ఉంటుంది. జనానికి అందులో చోటు లేదు, రాజు మధ్యలో నిలబడ్డాడు. రాజు పోయాక ఆ మతం నిలవలేదు, తర్వాతివాళ్లు ఆయన పేరు కూడా చెరిపేశారు. నా అనుమానం, జనం నోట్లో లేని పాట కాబట్టే అంత తొందరగా పోయింది.

పాతపుస్తకం
దానికి వ్యతిరేక ఉదాహరణ గాథలు. పార్సీల ప్రవక్త జరతుష్ట్ర పాడిన గాథలు 17, అవి చాలా కాలం నోటి మీదే నడిచాయి. భాష వాడుకలోంచి పోయినా పాట పోలేదు. చివరికి ఇరాన్‌ని ఏలిన ససానియన్ల కాలంలో ఉచ్చారణ చెడకూడదని దాని కోసమే ప్రత్యేకంగా ఒక లిపి తయారు చేసుకున్నారు, ఒక్కో శబ్దఛాయకి ఒక్కో అక్షరం పెట్టి. పాట కోసం లిపి పుట్టింది.

అయితే రాత వచ్చినా రాగం నిలుస్తుందని నమ్మకం లేదు. సిరియాలోని ఉగారిత్ అనే పాత నగరంలో దొరికిన మట్టిపలక ఒకటి ఉంది, క్రీస్తుపూర్వం 1400 ప్రాంతానిది, నిక్కల్ దేవతకి హుర్రియన్ భాషలో స్తోత్రం. కింద తీగల శృతి గురించిన సూచనలు కూడా ఉన్నాయి. ఇన్ని ఉన్నా అది వినడానికి ఎలా ఉండేదో పండితులు తలో రకంగా కట్టారు, ఒకరిది ఇంకొకరికి కలవదు. మాటలు పలక మీద మిగిలాయి, గొంతు మిగల్లేదు.

ఛందోబాబు
రాత్రిపక్షి గారు అన్న సొంతం చేసుకోవడం గురించి. మీ పాటని గుడివాళ్లు లాక్కున్నారనుకుందాం. ఊరి గొంతుక అన్నచోట గుళ్ల గొంతుక అని మార్చారు, గుళ్లలో పాడితేనే సూర్యుడికి వినపడుతుందని చెప్పడానికి. గణం సరిపోతుంది, పాడటానికి ఇబ్బంది ఉండదు, అందుకే ఎవరూ పట్టుకోలేదు. కానీ చూడండి:

దారి తప్పిన వేళ దాపున నిలిచి
గుళ్ల గొంతుక లెల్ల నొక్కటై పిలుచు

ప్రాస పోయింది. యతీ పోయింది. పాటంతా నిక్కచ్చిగా నడిచి ఈ ఒక్కచోట కాలికి రాయి తగిలినట్టు ఉంటుంది. జనం తరతరాలుగా ఇక్కడ ఏదో తడబాటు ఉందని అనుకుంటూనే పాడుతుంటారు. దానికి గుడివాళ్లు ఒక వ్యాఖ్యానం కూడా చెప్తారు, భక్తుడి గొంతు దుఃఖంతో తొట్రుపడే చోటు ఇది అని. చెవి ఉన్న పిల్ల ఒకతి పుడితే చాలు.

కథలపిచ్చి
అమ్మో. పాటలో ఒక్క మాట తప్పు, ఆ తప్పే సాక్ష్యం. ఇది చదవడానికి నేను డబ్బులిచ్చి కొంటాను.

అడ్డప్రశ్న
ఒక్క అభ్యంతరం. ఒక్క మాట మారిస్తే జనం ఊరుకోరు. పైన రష్యా సంగతి చూశాం కదా.

రాత్రిపక్షి
@అడ్డప్రశ్న బయటికి చెప్పి మారిస్తే ఊరుకోరు. జబ్బు వచ్చి ఊళ్లకి ఊళ్లు పడిపోయిన ఆ రాత్రి గుర్తుందా, మీరే అడిగారు. ఆ రాత్రి మిగిలిన గొంతులు గుళ్లలోనే ఉన్నాయి. మీ వంతు కూడా మేమే పాడాం అన్నారు. తర్వాత పిల్లలకి పాట నేర్పింది ఎవరు? వాళ్లే.

పాతపుస్తకం
అబద్ధం కూడా కాదు అది. ఆ రాత్రి నిజంగానే గుళ్ల గొంతుకలే పిలిచాయి. మార్చినవాళ్లు దొంగలు కాదు, తమకి జరిగింది పాటలో పెట్టుకున్నారు.

చినుకు22
వారం రోజులు ఇటు రాలేదు, క్షమించండి, టెన్షన్ పడుతూ రాస్తూ కూర్చున్నాను. మొదటి అధ్యాయంలోంచి 48 పంక్తులూ తీసేశాను. ఏడుపొచ్చింది కానీ తీసేశాను. ఛందోబాబు గారి ద్విపద వాడుకోవచ్చా అని వ్యక్తిగతంగా అడిగాను, ఒప్పుకున్నారు. వెన్నెల గారిని కూడా అడిగాను. కొత్త అధ్యాయంలోంచి కొంచెం ఇక్కడ పెడుతున్నాను, ఎలా ఉందో చెప్పండి.

"వంతు మారేటప్పుడు కొత్తవాళ్లు పాతవాళ్ల వెనక కూర్చుని భుజం మీద చెయ్యి వేస్తారు. ఊపిరి ఎక్కడ పీలుస్తున్నారో అరచేతికి తెలుస్తుంది. రెండు పంక్తులు కలిసి పాడాక ముందున్నవాళ్లు ఆపేస్తారు, పాట ఆగదు. ఆ రాత్రి 2911వ పాటలో ముసలమ్మ వంతు అయిపోవచ్చింది. ఆమెకి కోడలి పేరు గుర్తులేదు, తను కూర్చున్నది ఎవరి ఇంట్లోనో గుర్తులేదు, వంతు నుంచి తప్పిద్దామంటే ఇంట్లో గొంతులు చాలవు. పిల్ల భుజం మీద చెయ్యి వేసింది. ఎముక తగిలింది. దారి తప్పిన వేళ అని ఇద్దరూ కలిసి ఎత్తుకున్నారు. రెండో పంక్తిలో పిల్ల గుళ్ల అంది, ముసలమ్మ ఊరి అంది. రెండు మాటలూ చీకట్లో ఒకదానికొకటి తగిలాయి. పిల్ల నోరు మూసేసుకుంది. ముసలమ్మ ఒక్కతే చివరిదాకా పాడింది. పుట్టినప్పటి నుంచి ఆ చోట కాలికి తగిలే రాయి ఈసారి తగల్లేదు."

వెన్నెలవాకిలి
చాలా బాగుంది. ఎముక తగిలింది అన్న చోట ఆగిపోయాను కాసేపు.

లెక్కలమాస్టారు
2911వ పాట అంటే గంటకి 5 లెక్కన 582 గంటలు, 25వ రోజు కింద వస్తుంది. సరిపోయింది. జనం బాగా అలిసిపోయి ఉండే సమయం.

ఛందోబాబు
వంతు మారేది ఈ పంక్తుల దగ్గరే అని ముందే ఎక్కడైనా చెప్పారా? లేకపోతే ముందు అధ్యాయంలో ఒకసారి మామూలుగా చూపించండి, ఇద్దరూ గుళ్ల అనే పాడతారు, ఏమీ జరగదు.

కథలపిచ్చి
ఇది అస్సలు దాటెయ్యలేదు. మరి ముసలమ్మ ఆపేశాక పిల్ల పాట అందుకుంటుంది కదా. రెండు గంటల వంతు, అంటే ఇంకో పదిసార్లు అదే పంక్తి వస్తుంది. ఏ మాట పాడింది?

చినుకు22
మొదటిసారి ఆ మాట దగ్గర ఊపిరి పీల్చింది, ఏ మాటా పాడలేదు. వెనక కూర్చున్నవాళ్లకి దగ్గులా వినపడింది. రెండోసారికి ఇంకో పన్నెండు నిమిషాలు ఉంది. అక్కడిదాకే రాశాను.